కాల్డర్ లోయలో హెబ్డెన్ బ్రిడ్జి

మాంచెస్టరు విక్టోరియా స్టేషనులో సాయంకాలపు వేళ లీడ్సునకు పోవు రైలెక్కినవాడు, రాచ్‌డేలును లిటిల్‌బరోను దాటి, పెన్నైన్ కొండల గర్భమున 1841లో పూర్తియైన సమ్మిట్ సొరంగపు చీకటిలో కొంతసేపు ప్రయాణము చేసి, మరల వెలుతురులోనికి వచ్చునప్పటికి, అంతవరకును కిటికీలో కనబడుచుండిన మైదానమును నగరపు శివారులును అదృశ్యములై, రెండు వైపులను నిటారుగా లేచిన పచ్చని కొండల నడుమ, ఆకాశము సైతము సన్నగిలిపోయిన యొక లోయలో తానున్నట్లు గ్రహించును. అది కాల్డర్ నదీలోయ. టాడ్‌మార్డెన్ పైనున్న మిట్టబీళ్ళలో పుట్టి, తూర్పుగా ప్రవహించి, కాసిల్‌ఫర్డు వద్ద ఎయిర్ నదిలో కలియు ఈ కాల్డర్, గోదావరీ కృష్ణలను చూచిన మన కన్నులకు నది యనిపించుకొనునది కాదు; వానలు లేని దినములలో రాళ్ళమీద గలగలలాడుచు పోవు చిన్న యేరు. ఐనను దాని యొడ్డున చదునైన నేల యెంత స్వల్పమనగా, నదియు, కాలువయు, రాజమార్గమును, రైలుదారియు నొకదానినొకటి ఒరసికొనుచు, ఒకచోట కుడికి ఒకచోట ఎడమకు తప్పుకొనుచు, చోటు బొత్తిగా లేనప్పుడు ఒకదానిపై నొకటి దాటుచు పోవలసివచ్చినది. హెబ్డెన్ బ్రిడ్జి వద్ద కాలువ నదిని నాలుగు రాతి కమానుల మీదుగా దాటుచున్నది. కోనసీమలో గన్నవరము అక్విడక్టు నెరిగినవారికి ఈ ఏర్పాటు క్రొత్త కాదు. పరిమాణములో మాత్రము మనదానికి సాటిరాదు.

నేనెక్కిన బండిలో నెక్కువమంది పనులనుండి ఇండ్లకు మరలుచున్నవారు. మెడలోని గుర్తింపుకార్డులు తీయని యువకులు, దిద్దవలసిన పుస్తకముల సంచిని ఒడిలో పెట్టుకొన్న ఉపాధ్యాయిని, ఆసుపత్రి దుస్తులమీద కోటు తొడుగుకొన్న నర్సు, నిద్రకు తూగుచున్న కళాశాల విద్యార్థులు — వీరందరును టాడ్‌మార్డెన్, హెబ్డెన్ బ్రిడ్జి, మైథమ్‌రాయిడ్ అను చిన్న స్టేషనులలో గుంపులు గుంపులుగా దిగిపోయిరి. హెబ్డెన్ బ్రిడ్జినుండి మాంచెస్టరునకైనను లీడ్సునకైనను ముప్పాతిక గంట అటునిటు ప్రయాణము. అందుచేత ఈ లోయవాసులలో పెక్కురు ప్రొద్దున నేదో యొక నగరమునకు పోయి మాపటికి తిరిగివచ్చెదరు. గుంటూరు, విజయవాడల నడుమ సీజను టికెట్లతో జీవితములు గడుపు మన తెనాలివారి దినచర్యయు నిట్టిదే గదా. లీడ్సులో ఉద్యోగము చేయుచున్న మా మేనల్లుడు, నేనీ యూరు చూడ బయలుదేరుచున్నానని విని, "అక్కడ ఏముంది మామయ్యా? జనం పడుకోవటానికి వెళ్ళే ఊరు గదా!" అన్నాడు. నగరముల ప్రక్కనున్న చిన్న పట్టణములపై లోకము సామాన్యముగా చెప్పు తీర్పు ఇదియే. పగటివేళ ఖాళీయై, రాత్రివేళ దీపములార్పుకొను ఊరు పట్టణమనిపించుకొనునా, లేక నగరమునకు పడకటిల్లు మాత్రమేనా యను ప్రశ్న మన దేశమునకును నానాటికి ముఖ్యమగుచున్నది. హెబ్డెన్ బ్రిడ్జి దీనికి తనదైన సమాధానమును చెప్పినది. ఆ సమాధానము వెనుక నూటయేబది సంవత్సరములకు పైబడిన అభ్యాసమున్నది.

అయిదువేలకు లోబడిన జనసంఖ్య గల ఈ ఊరు తన పేరు చెప్పుకొనుచున్న వంతెనను ఇప్పటికిని కాపాడుకొనుచున్నది. 1510 ప్రాంతమున, అంతకుముందున్న కొయ్యవంతెన స్థానమున, హెబ్డెన్ వాటర్ అను ఉపనదిపై కట్టిన ఆ రాతి వంతెనమీదుగా బట్టమూటలు మోయు గుఱ్ఱముల వరుసలు నడిచెడివి. ఆ కాలమున లోయ అడుగు చిత్తడి. జనులు నివసించినది కొండలపైన. వంతెన దాటినంతనే నిలువునా పైకి ఎగబ్రాకు బట్రెస్ అను రాళ్ళు పరచిన ప్రాచీనమార్గమున, మోకాళ్ళు ఫిర్యాదు చేయుచుండగా ఎక్కిపోయి, హెప్టన్‌స్టాల్ గ్రామమును చేరుకొంటిని. ఒకే ఆవరణలో రెండు చర్చీలు — ఒకటి 1847 నాటి తుపానులో దెబ్బతిని నేడు కప్పు లేని శిథిలము, రెండవది దాని ప్రక్కనే 1854లో పూర్తియైనది — నిలిచియున్న ఆ గ్రామమునకు, అక్కడ సమాధి చేయబడిన సిల్వియా ప్లాత్ అను అమెరికన్ కవయిత్రికై, దేశదేశములనుండి యాత్రికులు వచ్చెదరు. ఆమె భర్త టెడ్ హ్యూస్ 1930లో జన్మించినది ఈ లోయలోని మైథమ్‌రాయిడ్‌లోనే. నన్ను మాత్రము అక్కడ ఎక్కువసేపు నిలిపినవి సమాధులు కావు, కిటికీలు. పాత యిండ్ల పై అంతస్తులలో, సన్నని రాతి నిలువుపట్టీలతో విభజింపబడి, వరుసగా అయిదారేసి కిటికీలు. మగ్గముమీద పోగు తెగినచోటు కనబడుటకు ఎంత వెలుతురు కావలెనో అంత వెలుతురును లోనికి రప్పించుటకై చేసిన ఏర్పాటది. ఇంటింట నొక మగ్గము, భార్య వడకును, పిల్లలు ఉన్ని యేకుదురు, భర్త నేయును. నేసిన ఉన్నిబట్టను భుజముమీద వేసికొని సంతకు నడచిపోవును.

మంగళగిరి, చీరాల, పోచంపల్లి నేతగాండ్ర దుఃఖమునకు మాంచెస్టరు మిల్లులు కారణమని మనము చిన్ననాటినుండి వినియున్నాము. అది సత్యమే. కాని ఆ మిల్లులు మొట్టమొదట మ్రింగినది తమ వాకిటనున్న చేనేతనే యను సంగతి, ఆ కిటికీల క్రింద నిలువబడినప్పుడు నా మనస్సున కెక్కినంతగా ఏ చరిత్రగ్రంథము చదివినప్పుడును ఎక్కలేదు. యంత్రము లోయలో నీటిచక్రముతో ఆరంభమై, పిమ్మట ఆవిరితో బలిసి, పందొమ్మిదవ శతాబ్ది ప్రథమార్ధమున మరమగ్గమై కొండమీదికి తన కూలిధరను పంపినది. దానితో పోటీపడలేక హెప్టన్‌స్టాల్ మగ్గములు మూగవోయినవి. కొండ దిగి వచ్చిన ఆ జనమే హెబ్డెన్ బ్రిడ్జిని నిర్మించిరి. సముద్రముల కీవల నున్న చేనేతవాని ఆకలికిని ఆవల నున్న చేనేతవాని ఆకలికిని వావి కలదని, మనమొక వైపు నిలిచి చెప్పుకొన్న కథకు రెండవ వైపు ఈ కొండమీద నున్నదని, నేను నిండు మనస్సుతో చెప్పుచున్నాను.

లోయలోనికి దిగివచ్చినవారికి సామగ్రి తెచ్చిపెట్టినది కాలువ. మాంచెస్టరునుండి సవర్బీ బ్రిడ్జి వరకు ముప్పదిరెండు మైళ్ళ పొడవున, లాకుల మీద లాకులుగా కొండలెక్కి దిగు రాచ్‌డేల్ కాలువ 1804లో సంపూర్ణమైనది. మన డెల్టా లాకులవలె నది మట్టముతో సర్దుకొనుట మాత్రమే కాక, పర్వతశ్రేణినే దాటించిన లాకులవి. 1840, 41 సంవత్సరములలో రైలు వచ్చి కాలువ రాబడిని హరించినది. 1952లో కాలువ మూతపడినది; స్థానికులు దశాబ్దములపాటు పట్టువిడువక పోరాడి, పూడిపోయిన భాగములను త్రవ్వించి, 2002లో మరల ఆమూలాగ్రము పడవలు నడుచునట్లు చేసిరి. ఇప్పుడు దానిమీద సరకులు లేవు, రంగులు పూసిన యిరుకు పడవలలో కాపురములున్నవి.

మిల్లులు లోయ అడుగున నున్న కొద్దిపాటి చదునును ఆక్రమించుకొనగా, పనివారికి ఇండ్లు కట్ట నేల మిగులలేదు. అప్పుడు వారు కొండచరియలకే ఇండ్లను అంటగట్టిరి. దిగువ వీథినుండి చూచిన నాలుగంతస్తుల గృహముగా కనబడునది వాస్తవమునకు రెండు ఇండ్లు: క్రింది రెండంతస్తులలో నొక కుటుంబము దిగువ వీథిలోనికి తలుపు తెరచుకొని, దాని నెత్తిమీద రెండంతస్తులలో మరియొక కుటుంబము కొండవైపున ఎగువ వీథిలోనికి తలుపు తెరచుకొని కాపురముండును. ఒకరి పైకప్పు మరియొకరి నేల. ఒకరి వీథి మరియొకరి యెరుగని వీథి. ఎదుటి కొండమీదికెక్కి సంధ్యవేళ చూచినప్పుడు, దీపములు వెలిగిన ఆ వరుసలు సంక్రాంతినాటి బొమ్మలకొలువు మెట్లవలె తోచినవి. ఇట్టి యింటిలో, పైవాని నీటికుళాయి కారినను, క్రిందివాని పొగగొట్టము పగిలినను ఒకరితో నొకరు మాటలాడుకొనక తప్పదు. హెబ్డెన్ బ్రిడ్జివారి స్వభావమునందలి కలివిడికి ఈ గృహనిర్మాణము కొంత హేతువని నా నమ్మకము.

ఆ మిల్లులలో తయారైనది ఫస్టియన్ అను దళసరి నూలుబట్ట. కార్డురాయ్, మోల్‌స్కిన్ మున్నగునవి దాని భేదములు. ఇంగ్లండులోని కూలీలు, రైతులు, గనిపనివారు ధరించు గట్టి పంట్లాములన్నియు నిక్కడనుండి పోవుచుండుటచే దీనికి పంట్లాముల పట్టణమను పేరు వచ్చినది. నేసిన బట్టను చట్రముమీద బిగించి, సన్నని పొడవైన కత్తిని ఊడెపోగుల క్రిందికి దూర్చి, ఆ కొననుండి ఈ కొనకు నడచుచు పోగులను కోసికొనిపోవుటచే బట్టమీద నూగు లేచును. ఒక్క పోగు తప్పి కోసిన బట్ట చిల్లిపడును, కూలి కోతపడును. ఈ కోతపనివారు, 1870లో, జోసెఫ్ గ్రీన్‌వుడ్ అను తమవాని నాయకత్వమున, ముప్పదిమందికి మించని గుంపుగా, వారమువారము పెన్నీలు చందా వేసికొని, హెబ్డెన్ బ్రిడ్జి ఫస్టియన్ ఉత్పత్తి సహకార సంఘమును స్థాపించిరి. రాచ్‌డేలు నేతగాండ్రు 1844లో నెలకొల్పిన సహకార దుకాణము కొండ కావల కొద్ది మైళ్ళ దూరమున నుండగా ఈ ఆలోచన వీరికి రావడములో వింత లేదు. వింతయేమనగా, దుకాణము నడపుటకంటె మిల్లు నడపుట పదింతలు కష్టమని లోకమనుచుండగా వారు నట్‌క్లఫ్ అను మిల్లును కొని, విస్తరించి, లాభములో వాటాదారునికిని, కొనుగోలుదారునికిని, కూలివానికిని భాగము పంచి, చదువునకై వేరుగా ధనము తీసిపెట్టి, 1918లో సహకార టోకు సంఘమునకు విక్రయించువరకు నిలువబడుట. అదే 1918లో, మన నేతపల్లెల నడుమ, వేటపాలెములో సారస్వత నికేతనము పుట్టినది. పని చేయువాడు పుస్తకమును కోరుట ఏ దేశమునకును ప్రత్యేకము కాదు.

అన్ని మిల్లులును అట్టివి కావు. 1906లో ఫస్టియన్ నేతవారు కూలిరేట్లకై సమ్మె కట్టి, రెండేండ్లు పస్తులతో ఈడ్చి, 1908లో ఓడిపోయిరి. ఆ నడుమ 1907లో ఎమ్మెలీన్ పాంక్‌హర్స్టు ఇక్కడికి వచ్చి స్త్రీల ఓటుహక్కునకై ఉపన్యసించెను. లవీనా సాల్టన్‌స్టాల్ అను ఫస్టియన్ కార్మికురాలు ఆ ఉద్యమమునందు చేరి జైలునకు పోయినది. పిమ్మట 1924లో కార్మికసంఘములు కట్టించుకొన్న ట్రేడ్స్ క్లబ్బు ఇప్పటికిని సభ్యుల సొత్తుగా సంగీతసభలతో నడుచుచున్నది.

ఇరువదవ శతాబ్ది మధ్యమునకు మిల్లులు ఒక్కొక్కటిగా మూతపడెను. యువకులు వెడలిపోయిరి, మసిబారిన రాతి యిండ్లు ఖాళీలై, వరుసలు వరుసలుగా పడగొట్టబడుచుండెను. 1960, 70 దశకములలో చవుకగా వచ్చు ఆ యిండ్లను ఆశించి చిత్రకారులు, కుండలు చేయువారు, కవులు, నగరజీవితముపై విరక్తి చెందిన విద్యావంతులు వచ్చిచేరిరి. వారి వెనుక, రైలుదారి సదుపాయముగా నున్నదని, కొండలు మనోహరముగా నున్నవని, నగరోద్యోగులు వచ్చిరి. ఇట్లు నివాసి మారినాడు, ఉపాధి మారినది. పట్టణము పడకటిల్లుగా మారుటకు కావలసిన హేతువులన్నియు సమకూడినవి. అయినను మారలేదు. ఎందుచేత?

పౌరపాలన దృష్టితో చూచిన ఈ పట్టణమునకు మిగిలిన అధికారము బహు స్వల్పము. 1937లో హెబ్డెన్ బ్రిడ్జి, మైథమ్‌రాయిడ్ పాలకమండలులు కలిసి హెబ్డెన్ రాయిడ్ అను పేరిట ఏకమైనవి. 1974 నాటి పునర్వ్యవస్థలో ఆ మండలి రద్దై, ముఖ్యాధికారములన్నియు హాలిఫాక్సు కేంద్రముగా గల కాల్డర్‌డేల్ పాలనకు పోయినవి. మన గ్రామపంచాయతీని పోలిన చిన్న కౌన్సిలు మాత్రము మిగిలినది. ఆ చిన్న కౌన్సిలు 2012లో నొక సినిమాహాలును తన చేతిలోనికి తీసికొన్నది! 1921లో కట్టిన పిక్చర్ హౌస్ అది. ముందర స్తంభములు, లోపల బాల్కనీ, అయిదువందల సీట్లు, ఒకే తెర. పెద్ద కంపెనీల బహుళ తెరల భవనములు దేశమంతట నిట్టి హాళ్ళను మ్రింగివేయుచుండగా, పదివేలకు మించని జనముగల కౌన్సిలు, పన్నులు కట్టువారి సమ్మతితో, దీనిని నడుపుటకు సాహసించినది. నేనక్కడ కప్పుతో తేనీరు తీసికొని సీటులో కూర్చుండి సినిమా చూచితిని. టికెట్లు చింపిన ముసలమ్మ జీతము లేని కార్యకర్త. రైల్వేలో పని చేసి విరమించినదట. "ఇది మాది. మేము రాకపోతే ఎవరు వస్తారు?" అను భావమిచ్చు మాటలు ఆమె చెప్పినప్పుడు గర్వము కంటె బాధ్యతయే ఆమె ముఖమున నాకు కనబడినది.

సినిమాహాలునకు రెండేండ్లు ముందుగా, 2010లో, 1897 నాటి టౌనుహాలును స్థానికుల సంఘమునకు పెద్ద పాలకమండలి అప్పగించినది. ఖర్చు భారమై వదిలించుకొనదలచిన భవనమును జనులు తీసికొని, దాని ప్రక్క చిన్న వ్యాపారములకు గదులు కట్టి అద్దెకిచ్చి, ఆ రాబడితో సభామందిరమును నిలుపుకొనుచున్నారు. 2014లో ఫాక్స్ అండ్ గూస్ అను పానశాల యజమాని చేతినుండి సహకారసంఘము చేతికి వచ్చినది. నట్‌క్లఫ్ మిల్లు వారి మనుమలు ఈ ఊర నున్నారో లేదో గాని, చందా వేసికొని ఉమ్మడిగా కొనుట యను వారి అలవాటు మాత్రము ఊరినంటియున్నది. నిన్న వచ్చిన లీడ్సు ఉద్యోగికి సైతము అది సంక్రమించినది.

దీని విలువ పరీక్షకు వచ్చినది 2015 డిసెంబరు 26న. ఆ నెలంతయు కురిసిన వానలకు కొండలు తడిసి ముద్దయై యుండగా, క్రిస్మసు మరునాడు మరల కుంభవృష్టి పడినది. యుద్ధకాలపు విమానదాడి హెచ్చరికను పోలిన సైరనులు తెల్లవారుజామున లోయ పొడవునను కూయసాగినవి. కాల్డర్ అంతకుముందెన్నడును నమోదుకాని మట్టమునకు లేచి, హెబ్డెన్ వాటరును వెనుకకు నెట్టి, వీథులలోనికి, అంగళ్ళలోనికి, పిక్చర్ హౌస్ సీట్లమీదికి ప్రవేశించినది. కాల్డర్‌డేల్‌లో ఇండ్లు, వ్యాపారములు కలిసి నాలుగువేలకు పైగా మునిగినవి. 1986లో గోదావరి వరద చూచినవారికి ఈ అంకె పెద్దది కాదు; కాని మన వరద దినముల ముందుగా భద్రాచలము వద్ద తన రాకను తెలుపుకొని వచ్చును, ఈ లోయలో కొండమీద పడిన వాన గంటలలో గుమ్మములోనికి వచ్చును. పారిపోవుటకు వ్యవధి లేదు, ప్రభుత్వము వచ్చుటకును వ్యవధి లేదు.

అప్పుడు జనుల చేతిలోనున్న ఆ టౌనుహాలే సహాయకేంద్రమైనది. తాళపుచెవుల కెవరిని అడుగవలెనో వెదుకనక్కరలేదు. తాళపుచెవులు వారివద్దనే యున్నవి. పారలు, చీపుళ్ళు, దుప్పట్లు, వేడి భోజనము అక్కడనుండి పంచబడినవి. ఖాల్సా ఎయిడ్ అను సిక్కుల సేవాసంస్థ లోయకు వచ్చి బురద ఎత్తిపోసి, వంటలు చేసి పెట్టినది. ఏ పండుగపూట, ఏ దేశమువారు, ఎవరి యింటి బురద తీసిరో తలచుకొన్నప్పుడు నాకు కన్నులు చెమర్చినవి. పిక్చర్ హౌస్ కొద్దికాలములోనే మరల ఆట మొదలుపెట్టినది. 2020 ఫిబ్రవరి 9న కియారా తుపాను మరల లోయను ముంచెను.

వరదకు మూలము వెదకుచు కొండమీదికి పోయినవానికి ఆశ్చర్యకరమైన సంగతి యొకటి తెలియవచ్చును. లోయపైనున్న మిట్టబీళ్ళు వేల సంవత్సరములుగా కుళ్ళి పేరుకొన్న నల్లని పీటు నేలలు. వాటిమీద పెరుగు స్ఫాగ్నమ్ అను నాచు తన బరువునకు ఎన్నోరెట్లు నీటిని పట్టి మెల్లగా విడుచును. నూటయేబది సంవత్సరములపాటు లాంకషైరు, యార్క్‌షైరు మిల్లుల పొగగొట్టములు విడిచిన గంధకపు పొగ ఆ నాచును చంపివేసినది. నాచు చావగా పీటు బీటలువారి కొట్టుకొనిపోయినది. పట్టువారు లేని వాననీరు తిన్నగా లోయలోనికి దుముకుచున్నది. మిల్లులు మూతపడి చాలకాలమైనను వాటి పొగ చేసిన పని ఇంకను చెల్లలేదు.

దీనికి ప్రతిగా ఊరివారు చేయుచున్నది నేను హార్డ్‌కాసిల్ క్రాగ్స్ అడవిలో చూచితిని. 1800 ప్రాంతమున నీటిచక్రముతో నడిచిన గిబ్సన్ మిల్లు నేడు నేషనల్ ట్రస్టు రక్షణలో యాత్రాస్థలమై యున్నది. దానిచుట్టునున్న వాగులలో, 2015 వరద తరువాత ఏర్పడిన స్లో ది ఫ్లో అను స్వచ్ఛందసంఘమువారు, అక్కడి చెట్ల దుంగలనే అడ్డముగా పేర్చి, వందలకొలది చిన్న కట్టలు కట్టిరి. ఆనకట్టవలె నీటిని ఆపివేయుట వీటి పని కాదు. వాగు మామూలుగా నున్నప్పుడు నీరు దుంగల క్రిందనుండి నిరాటంకముగా పోవును, పొంగినప్పుడు మాత్రము దుంగలు దానిని కొంత పట్టి, ప్రక్కల అడవిలోనికి పరపి, లోయకు చేరుటను ఆలస్యము చేయును. ఒక్కొక్క కట్ట పట్టు నీరు కొంచెము. కొండలన్నిటను కట్టలైనప్పుడు ఆ ఆలస్యమే గడపకును గడప క్రిందికిని భేదమగును. ధవళేశ్వరమున 1852లో ఆనకట్ట పూర్తిచేసిన కాటన్ దొర దేశమునందు, నీటిని దుంగలతో మెల్లగా బుజ్జగించు ఈ విద్యను చూచుట నాకు సంతోషము కలిగించినది. కొందరు నాచుమొక్కలను మరల మిట్టలమీద నాటుచున్నారు, కొందరు కొండచరియలలో చెట్లు పెంచుచున్నారు. వారమంతయు నగరములలో కంప్యూటరుల ముందు కూర్చున్నవారే సెలవుదినమున రంపములు పట్టుకొని ఈ వాగులలో దిగుచున్నారు.

ఐనను ఈ పట్టణమునకు వరదకంటె పెద్ద భయమొకటి కలదు. ఊరు మంచిదను కీర్తి పెరిగినకొలది ఇండ్ల వెలలు పెరిగినవి. ఇక్కడ పుట్టిన బిడ్డలకు, అంగళ్ళలో పని చేయువారికి, వృద్ధులకు సేవ చేయువారికి ఇల్లు దొరకుట దుర్లభమగుచున్నది. నెత్తిమీద నెత్తిగా కట్టిన ఆ కూలీల యిండ్లు నేడు కూలీల కందనివి. రెండు నగరజీతములున్న యింటివారే మిగిలినప్పుడు, సినిమాహాలులో టికెట్టు చింపుటకును, సైరను కూసిన రాత్రి ప్రక్కింటి ముదుసలిని మేడమీదికి చేర్చుటకును తీరిక యెవరికుండును? ఉమ్మడి సొత్తును కాపాడునది డబ్బు కాదు, తీరిక గల చేతులు. ఈ అపాయమును వారు గుర్తింపకపోలేదు. కాల్డర్ వ్యాలీ కమ్యూనిటీ లాండ్ ట్రస్టు అను సంఘము, నేల ఎన్నటికిని అమ్మకమునకు రాకుండునట్లు దానిని ఉమ్మడి సొత్తుగా నుంచి, లోయలోని వారికి అందుబాటు అద్దెతో ఇండ్లు కట్టించుటకు పూనుకొని, టాడ్‌మార్డెన్ దగ్గర వాల్స్‌డెన్‌లో వృద్ధుల కొరకు మొదట ఆరు ఇండ్లు కట్టినది.